కథల్లో నర్తకికి కాళ్ళుండవా?

సంపాదకులు గారికి,

నమస్కారం. మీ ఆదివారం సంచికలో నాట్యం చుట్టూ అల్లిన కథలు తరచుగా వస్తున్నాయి. నాట్యం నేర్చుకునే పేదపిల్ల, కోపిష్ఠి గురువుగారు, అరంగేట్రం, ఆఖర్న చప్పట్లు. పాఠకులకు నాట్యమంటే మోజు ఉంది గనకే రచయితలు రాస్తున్నారు, మీరు వేస్తున్నారు. అందులో తప్పేం లేదు. విశాఖలో నాట్యం నేర్పేవాళ్ళం, తాళం పట్టేవాళ్ళం, మృదంగం వాయించేవాళ్ళం కొందరం కలిసి ఈ ఉత్తరం రాస్తున్నాం. మా ఫిర్యాదల్లా ఒకటే. ఆ కథల్లో పోలికలు దండిగా ఉంటాయి, నాట్యం మాత్రం ఉండదు. నెమలిలా ఆడింది, మెరుపుతీగలా కదిలింది, నాగుపాములా మెలికలు తిరిగింది. ఏ కాలు ముందు పడింది, బరువు ఎటు మోపింది, ఊపిరి ఎక్కడ పీల్చుకుంది అన్న ముక్క ఒక్కటీ కనిపించదు. నెమలి ఎలా ఆడుతుందో మాకు తెలుసు. ఆ పిల్ల ఎలా ఆడిందో చెప్పండి.

గజ్జెల సంగతే చూడండి. కథల్లో పట్టీలు, మువ్వలు, అందెలు, గజ్జెలు అన్నీ ఒకటే అయిపోయాయి. పట్టీ వెండి నగ, ఇంట్లో పెట్టుకుని తిరిగేది. అందె లోపల గుల్లగా ఉండే కడియం, అందులో గుళ్ళు వేస్తారు. కాలికి పెట్టుకునే అందె ఉంది, బుర్రకథ చెప్పేవాళ్ళు బొటనవేలికి తొడుక్కుని పలికించే అందె కూడా ఉంది. నాట్యానికి కట్టేది గజ్జె. గజ్జె కంచుది కావాలనీ, మంచి నాదం ఉండాలనీ, నీలిదారంతో గట్టిగా ముడులు వేసి కట్టాలనీ, వంద గానీ రెండు వందలు గానీ ఉండాలనీ అభినయదర్పణం అనే పాత నాట్యగ్రంథం లెక్క చెబుతుంది. ఇప్పుడు దారానికి గుచ్చినవీ వాడుతున్నారు, తోలుపట్టీకి వరసలుగా కుట్టినవీ వాడుతున్నారు. దారానికి గుచ్చేటప్పుడు ఒక్కో గజ్జెకీ మధ్య ముడి ఎందుకంటే, పక్క గజ్జె ఆనుకుని నాదం చచ్చిపోకుండా. దారం ఒకచోట తెగినా మిగతావన్నీ స్టేజీ మీద చెల్లాచెదురు కాకుండా కూడా. ఆడుతున్నప్పుడు గజ్జె కాలికింద పడితే ఆ నొప్పి ఎలా ఉంటుందో ఒక్కసారి ఊహించుకుని రాస్తే చాలు, ఒక మంచి సన్నివేశం అవుతుంది.

ఇవేవీ పట్టించుకోకుండా, కాళ్ళకు గజ్జెలు కట్టుకున్న నాయికను అర్ధరాత్రి దొంగచాటుగా ప్రియుడి దగ్గరికి పంపిస్తారు. వంద గజ్జెలతో మేడమెట్లు దిగితే వీధివీధంతా లేచి కూర్చుంటుంది. పాత కవుల అభిసారిక నయం, అందెల చప్పుడు కాకుండా చూసుకుని మరీ బయల్దేరేది. కథకు పనికొచ్చే అసలు కిటుకు వేరే ఉంది. గజ్జె మోగించడం ఎవరికైనా వస్తుంది. మోగకుండా ఉంచడం కష్టం. అభినయం సాగే చోట నర్తకి పాదాన్ని కొట్టదు, దించుతుంది. చూపు ఒకవైపు నిలిపి నెమ్మదిగా అడుగు మార్చేటప్పుడు ఒక్క గజ్జె పలికినా అక్కడ కట్టిన భావమంతా పలచనైపోతుంది. గజ్జె ఎప్పుడు మూగపోయిందో గమనించి రాసిన రచయితను మేం నమ్ముతాం.

ఇక అరమండి. మోకాళ్ళు పక్కలకు విచ్చుకుని, వెన్ను నిటారుగా పెట్టి, సగం కూర్చునే భంగిమ ఇది. మోకాలు ఎటు చూస్తే పాదం వేళ్ళు అటే చూడాలి. విచ్చుకోవడం తుంటి దగ్గర మొదలవ్వాలి. అది చేతకాక పాదాల్ని మాత్రం పక్కకు తిప్పేస్తే మోకాలి కీలు మెలిపడుతుంది. పిరుదులు వెనక్కి పోయి నడుం వంగితే సాయంత్రానికి నడుం పట్టేస్తుంది. సిమెంటు నేల మీద, గ్రానైటు పలకల మీద రోజూ పాదం కొడితే మోకాలి కింద ఎముక ముందువైపున సలుపు పుడుతుంది. అందుకే కుదిరినచోట చెక్కనేల వేయిస్తారు. కొత్తగా చేరిన పిల్ల మొదటి పదిరోజులు మెట్లు దిగలేక గోడ పట్టుకుంటుంది, కింద కూర్చుంటే లేవలేదు. తొడలు అలా పట్టేస్తాయి. మీ కథల్లో ఆ పిల్ల తొలిరోజే వెన్నెల్లో తెల్లవార్లూ ఆడేస్తుంది, ఆరు నెలలకల్లా అరంగేట్రం అయిపోతుంది. నిజంగా అయితే అన్నేళ్ళు పడుతుంది. కచేరీలో పెద్ద అంశమైన వర్ణం ఒక్కటి ఆడటానికే అరగంట నుంచి ముప్పావుగంట పట్టే రోజులున్నాయి. అందులో అడుగుల వరసలు వచ్చినప్పుడల్లా అరమండి లేవకుండా నిలపాలంటే ఎంత సాధన కావాలో లెక్క వేసుకోండి.

ఉత్కంఠ కావాలని రచయితలు స్టేజీ మీద కరెంటు తీయిస్తారు, విలన్ చేత గజ్జెలు దొంగిలింపజేస్తారు, చెక్కల మధ్య మేకులు పెట్టిస్తారు. తాళంలో ఉన్నంత ఉత్కంఠ వాటిలో లేదు. ఆదితాళం ఒక చుట్టుకు, అంటే ఒక ఆవర్తనానికి, 8 అక్షరాలు. అక్షరానికి 4 మాత్రల నడకలో ఒక ఆవర్తనానికి 32 మాత్రలు. 'తదిగిణతొం' అన్న 5 మాత్రల ముక్కను మూడుసార్లు పలికి, మధ్యన రెండుచోట్ల ఒక్కో మాత్ర ఆగితే మొత్తం 17. ఈ ముగింపే తీర్మానం. తర్వాతి ఆవర్తనం తొలిదెబ్బను సమం అంటాం. తీర్మానం అయిపోయిన వెంటనే కాలు సరిగ్గా అక్కడ వాలాలంటే 16వ మాత్రకు ఎత్తుకోవాలి. ఒక్క మాత్ర ఆలస్యంగా 17కి ఎత్తుకుంటే కాలు సమం దాటిపోయి పడుతుంది. తాళం తెలియని ప్రేక్షకుడికి కూడా చీకట్లో లేని మెట్టు మీద కాలేసినట్టు అనిపిస్తుంది. అప్పుడు దిద్దుకునే దారి ఒకటుంది. మధ్యలో ఆగే రెండు చోట్లలో ఒకదాన్ని మింగేస్తే 17 కాస్తా 16 అవుతుంది, సమం అందుతుంది. కానీ ఏది మింగాలో నర్తకి, తాళాలు కొడుతూ అడుగుల మాటలు పలికే నట్టువాంగం ఆవిడ, మృదంగం వాయించే ఆయన ముగ్గురూ ఒకే క్షణంలో అనుకోవాలి. మాట్లాడుకునే వీలు లేదు. ఒక చూపు, ఒక తల ఊపు, తాళం దెబ్బలో కాస్త ఎక్కువ బరువు, అంతే. మనస్పర్థలొచ్చి ఏళ్ళ తరబడి మాటల్లేని గురుశిష్యుల్ని ఆ ఒక్క మాత్ర దగ్గర నిలబెట్టి చూడండి. ఇంకే విలనూ అక్కర్లేదు.

హస్తాల గురించి రాసేటప్పుడు 'ముద్రలు పట్టింది' అని వదిలేస్తున్నారు. ఒంటిచేతి హస్తాలు అభినయదర్పణం లెక్కన 28. వాటిలో మొదటిది పతాకం, వేళ్ళన్నీ చేర్చి చాచి బొటనవేలు మడిచినది. అదే చెయ్యి మేఘమూ అవుతుంది, అడవీ అవుతుంది, రాత్రీ నదీ అవుతుంది, వద్దని తోసెయ్యడమూ అవుతుంది. తేడా చేతిలో లేదు. చెయ్యి ఎంత ఎత్తున ఉంది, ఎటు కదిలింది, చూపు దాని వెంట వెళ్ళిందా లేదా అన్నదాన్ని బట్టి అర్థం మారుతుంది. చెయ్యి ఎక్కడికి వెళితే చూపు అక్కడికి, చూపు వెళ్ళిన చోటికి మనసు అని శ్లోకం అందరూ వల్లిస్తారు. మరి ఇల్లు గుర్తొచ్చి చూపు చేతి వెంట వెళ్ళని పిల్లను ఒక్క కథలోనూ చూడలేదు. పువ్వు కోసే కటకాముఖం సరిగ్గానే పట్టి, కళ్ళు మాత్రం ఎదురుగా మూడో వరసలో ఖాళీగా ఉన్న కుర్చీ మీద నిలిపిన నర్తకి ఉందనుకోండి. ఎవరు రాలేదో ఇక వేరే చెప్పాలా?

నాట్యం కథకు అందం తెస్తుందని అందరూ అంటారు. కథ నడపడమే నాట్యం దగ్గర నేర్చుకోవచ్చని మా మాట. కూచిపూడి వాళ్ళ భామాకలాపంలో సత్యభామ వచ్చే తీరు చూడండి. ఇద్దరు తెర పట్టుకుని నిలబడతారు. వెనక ఆమె ఉందని అందరికీ తెలుసు. ముందు ముఖం చూపించదు. తెర మీదుగా జడ విసురుతుంది. సూర్యుడు, చంద్రుడు, నాగరం తీర్చిన జడ. ఆటలో తనను మించినవాళ్ళెవరైనా ఉంటే ఈ జడ కోసుకోవచ్చని సవాలు. పాత్ర పొగరంతా ఆ జడలో వచ్చేసింది, మనిషి ఇంకా కనపడనేలేదు. తర్వాత ప్రవేశదరువు అనే పాటలో తానెవరో తానే చెప్పుకుంటుంది. అంత పొగరుబోతు మనిషి, భర్త పేరు చెప్పమంటే మాత్రం సిగ్గుతో నలిగిపోతుంది. మొగుడి పేరు నోటితో పలకని ఇళ్ళ నుంచి వచ్చిన ప్రేక్షకులకు ఆ నలుగుడు ఎంత దగ్గరగా తగిలి ఉంటుందో! చెలికత్తె మాధవి ఆటపట్టిస్తూ ఆ పేరు రాబడుతుంది. ఈ వరస పట్టుకోండి: ముందు జడ, తర్వాత గొప్పలు, ఆ తర్వాత బలహీనత. మన కథల్లో మొదటి పేరాలోనే కళ్ళు, ముక్కు, నడుము, రంగు అన్నీ ఒక్కసారే కుమ్మరిస్తారు. ఇంక చూపించడానికి ఏం మిగులుతుంది?

పాత కూచిపూడి నాటకాల్లో హిరణ్యకశిపుడు వచ్చేటప్పుడు కాగడా మీద గుగ్గిలంపొడి చల్లేవారు. భగ్గున మంట లేచి ఆరిపోతుంది. ఆ ఒక్క వెలుగులో రాక్షసుడి ముఖం కనిపించి మాయమవుతుంది. ఒక వాక్యం చేయాల్సిన పని అది. మేం నాట్యం వాళ్ళం, వాక్యాల సంగతి మీకు చెప్పడం పెద్దరికం అనుకోకండి.

మాచుపల్లి కైఫీయతులో, అంటే ఆ ఊరి చరిత్ర రాసిన పాత రికార్డులో, ఇంకో ముచ్చట ఉంది. సమ్మెట గురవరాజు అనే పాలెగాడు జనాన్ని పీడిస్తుంటే, కూచిపూడి భాగవతులు హంపీ విజయనగరం వెళ్ళి వీరనరసింహరాయల ఎదుట ఆ పీడననే వేషం కట్టి ఆడి చూపించారట. అర్జీ రాసివ్వలేదు, ఆడి చూపించారు. కథగా రాయడానికి ఇంతకన్నా మంచి సరుకు ఎక్కడుంది? మహాభారతంలో బృహన్నల వేషం కట్టాల్సి వచ్చినప్పుడు అర్జునుడికి మొదట తట్టిన చిక్కు, అల్లెతాడు రాసుకుని చేతుల మీద పడ్డ కాయలు ఎలా దాచాలన్నది. గాజులు తొడుక్కుని కప్పేస్తానంటాడు. ఉత్తరకు నాట్యం నేర్పుతున్న ఏడాదంతా ఆ గాజుల కింద ఆ కాయలున్నాయి. వ్యాసుడు ఒక్క గుర్తుతో చెప్పింది మనం ఇరవై పోలికలతోనూ చెప్పలేకపోతున్నాం.

మన ఉత్తరాంధ్ర వైపు వస్తే, ఇక్కడ కథ చెప్పడమూ కాలు కదపడమూ ఎప్పుడూ విడిగా లేవు. బుర్రకథలో కథకుడు తంబుర మీటుతూ, అందెలు పలికిస్తూ ముందుకీ వెనక్కీ అడుగులేస్తూ కథ నడుపుతాడు. అటూ ఇటూ గుమ్మెటలు పట్టిన వంతలిద్దరు. ఒకడు హాస్యం అందుకుంటే ఇంకొకడు ఊళ్ళో సంగతుల మీద చురక వేస్తాడు. వాళ్ళు 'తందాన తాన' అందుకున్న ఆ కాస్త వ్యవధిలోనే కథకుడు ఊపిరి పీల్చుకుంటాడు. పల్లవి అన్నది ఊపిరితిత్తుల అవసరం కొద్దీ పుట్టిందేమో అనిపిస్తుంది. తప్పెటగుళ్ళు ఆడేవాళ్ళు గుండె మీద తప్పెట కట్టుకుని, కాళ్ళకు గజ్జెలు కట్టుకుని, వాయిస్తూ పాడుతూ ఎగురుతూ కృష్ణుడి కథ చెబుతారు. రెండు చేతులూ తప్పెటకే సరిపోతాయి. కాబట్టి కథంతా గొంతు, మోకాళ్ళు, నడుము చెప్పాలి. వీళ్ళ మీద ఈ ఊరి పత్రికల్లో వచ్చిన కథలు వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు.

గిరిజనుల థింసా ఆట మీద మాత్రం కథలొస్తున్నాయి, అరకు పుణ్యమా అని. అయితే అందులో ఒక అమ్మాయి చేతులు గాల్లోకి విసిరి, జ్వాలలా ఊగుతూ ఒంటరిగా ఆడుతుంది. ఎదురుగా విశాఖ నుంచి వెళ్ళిన కుర్రాడు కెమెరా పట్టుకుని ప్రేమలో పడతాడు. థింసాలో సాధారణంగా చేతులు ఖాళీగా ఉండవు. పక్కవాళ్ళ వెనకగా చేతులు పోనిచ్చి గొలుసులా పట్టుకుంటారు. ఆటంతా పాదాల్లో, నడుం వంపులో ఉంటుంది. ఒకరి అడుగు తప్పితే అటూ ఇటూ ఇద్దరికీ గుంజినట్టు తెలుస్తుంది. కొత్తకోడలు వరసలో చేరిన రోజు ఆ గుంజుడు ఎటునుంచి ఎటు పాకిందో రాస్తే ఊరంతా కథలోకి వచ్చేస్తుంది. పైగా థింసా ఒకటి కాదు. గ్రామదేవతను కొలిచే బోడ థింసాలో కుడివరస మొదట నెమలిఈకల కట్ట పట్టినవాడు దారి తీస్తే, వరస పాములా మెలికలు తిరుగుతూ గుండ్రంగా చుట్టుకుంటుంది. గొడ్డిబేట థింసాలో ముందుకు వంగుతూ లేస్తూ 25 అడుగుల దూరం వెళ్ళి, అలాగే వెనక్కి వస్తారు. భాగ్ థింసా పులి బారి నుంచి తప్పించుకోవడం. నాటికారి మాత్రం ఒక్కరే ఆడేది. కుండ థింసాలో భుజాలతో ఒకర్నొకరు నెట్టుకుంటారు. వెనక డప్పు, తుడుము, కిరిడి, మోరి, కొమ్ములు. కథల్లో రాసే 'గిరిజన డోలు' అన్న వాద్యం వీటిలో ఏదీ లేదు. టూరిస్టుల కోసం రిసార్టు పచ్చిక మీద పది నిమిషాల్లో ముగించే ఆటను చూసి, చైత్రమాసపు ఇటుకల పండుగ రోజుల్లో ఊళ్ళో ఆడే ఆట కూడా అంతేనని రాయకండి.

పాతకాలపు కథలు రాసేవాళ్ళతో ఇంకో చిక్కు. 1900 ప్రాంతంలో విజయనగరం జమీందారీ పెళ్ళిలో నాయిక 'భరతనాట్యం' ఆడుతుంది. ఆ పేరు స్థిరపడింది 1930ల్లో. అప్పటి పెళ్ళిలో జరిగేది భోగం స్త్రీలు ఆడిపాడే మేజువాణి, భోగంమేళం. 1920ల కూచిపూడి మేళంలో ఒక అమ్మాయి సత్యభామ వేషం కడుతుంది. ఆ మేళాల్లో ఆడవేషాలన్నీ మగవాళ్ళవే. వేదాంతం లక్ష్మీనారాయణశాస్త్రి గారు ఆడవాళ్ళకు నేర్పడం, వెంపటి చినసత్యం గారు 1963లో మద్రాసులో అకాడమీ పెట్టడం, ఆ తర్వాతే మీరు ఇవాళ చూసే తీరు. వేదాంతం సత్యనారాయణశర్మ గారు భామ వేషం కట్టి వస్తే ఆడవాళ్ళే ఆ నడక చూసి నివ్వెరపోయారంటారు. మగవాడు ఆడదానిగా నడవడం నేర్చుకోవడమే ఒక నవలకు సరిపడే సంగతి, ఎవరూ ముట్టుకోరేం?

భోగం స్త్రీల మీద కథ అంటే రెండే అచ్చులు. ఒకతి మాయలాడి, ఇంకొకతి కన్నీటి కుండ. చూసే కళ్ళు ఎప్పుడూ ఎదురుగా పరుపు మీద ఆనుకుని కూర్చున్న మగవాడివే. క్షేత్రయ్య పదాల్ని గొంతులోనూ చేతుల్లోనూ మోసి మనదాకా తెచ్చింది ఆ ఇళ్ళే. 1947లో మద్రాసు చట్టం ఆడపిల్లల్ని గుళ్ళకు అంకితమిచ్చే పద్ధతిని నిషేధించింది, మంచిదే. ఆ తర్వాత ఆ పదాలు ఎవరి నోట్లో మిగిలాయన్నది కథగా రావాలి. ఈ ప్రాంతపు గురజాడ మధురవాణిని తీర్చిన తీరు చూడండి. ఆమె ఎంత బాగా ఆడుతుందో వర్ణించి ఊరించలేదు. ఆమె చేత మాట్లాడించాడు. ఎదుటివాడి మాట ఆమె ఎక్కడ పట్టుకుంటుందో, ఎక్కడ వదిలేస్తుందో చూస్తే తాళజ్ఞానం అంటే ఏమిటో తెలుస్తుంది.

రాసేవాళ్ళకు ఇంకో ఆస్తి ఉంది, వాడుకోవడం లేదు. తెలుగు ఛందస్సులో రగడలనే పద్యాలన్నీ నడకలే. హయప్రచారం మూడేసి మాత్రలు, మధురగతి నాలుగేసి, ద్విరదగతి ఐదేసి, వృషభగతి మూడూ నాలుగూ కలిసి ఏడేసి. గుర్రం, ఏనుగు, ఎద్దు ఎలా నడుస్తాయో పేర్లలోనే పెట్టారు. గురజాడ ముత్యాలసరం కూడా మూడు, నాలుగుల మిశ్రగతే. తకిట తకధిమి అని వేళ్ళతో బల్ల మీద కొడుతూ చదివితే పట్టుబడుతుంది. నాట్యం వచ్చే పేరాలో వాక్యాల్ని బయటికి చదివి, కాలితో తడుతూ చూసుకోమని రచయితలకు మా సలహా. 'ఆమె అత్యద్భుతంగా నర్తించసాగింది' అన్న వాక్యానికి ఏ కాలూ కదలదు.

విశాఖలో జరిగే కథ అయితే సముద్రాన్ని మరవకండి. బీచ్ రోడ్డు మీద ఆరుబయట కార్యక్రమం పెడితే తేమకు మృదంగం తోలు వదులై శ్రుతి దిగుతుంది. ఎడమవైపు అద్దే తడిరవ్వ మామూలుగా ఎండిపోయే వేళకు ఎండదు. స్టేజీ చెక్కలు చెమ్మెక్కి జారతాయి. తరంగం ఆడేవాళ్ళకు అది మరీ గండం. ఇత్తడి పళ్ళెం అంచు మీద పాదాలు మోపి, బరువు మారుస్తూ పళ్ళెంతో సహా కదలాలి. తివాచీ పరిస్తే పళ్ళెం కదలదు, చెమ్మ ఉంటే ఆగదు. ఆ నేల ఎలా ఉందో కథానాయిక సాయంత్రమే వచ్చి అరిపాదంతో రాసి చూసుకుంటుంది. ముఖానికి రంగు వేసుకోకముందు చేసే పని అది. ఏ కథలోనూ కనపడలేదు.

ఇక మీ పత్రికకు రెండు మనవులు. నగరంలో జరిగే నాట్య కార్యక్రమాల వార్తల్లో జ్యోతి వెలిగించినవారి పేర్లు, శాలువా కప్పినవారి పేర్లు, కప్పించుకున్నవారి పేర్లు వస్తున్నాయి. ఏ అంశం ఆడారు, ఏ రాగం, ఏ తాళం, వెనక ఎవరు పాడారు, ఎవరు వాయించారు అన్నది ఒక్క వాక్యం చేర్చండి. ఇరవై మాటలు కూడా పట్టదు. రాబోయే కథల రచయితలు చదివేది కూడా అదే.

రెండోది బొమ్మలు వేసేవారికి. గజ్జె చీలమండకు కాస్త పైన, జారకుండా కట్టాలి. వదులైతే దిగి మడమకు తగిలి ఒరుసుకుంటుంది. మరీ బిగిస్తే పాదం తిమ్మిరెక్కుతుంది. పిక్క మధ్యకు ఎప్పుడూ రాదు. పోయిన నెల ఒక కథకు వేసిన బొమ్మలో గజ్జె కుడికాలికే ఉంది. రెండోది కుచ్చిళ్ళ చాటున ఉందేమోనని భూతద్దం పెట్టి చూశాం. ఎడమకాలు మోకాలి దాకా కనిపిస్తూనే ఉంది.

ఇట్లు,
నాట్యం నేర్పే, తాళం పట్టే కొందరు పాఠకులు,
విశాఖపట్నం.